ల్యాంప్‌రూం కిటికీలో చచ్చిన సినిమా

చెడ్డ సినిమా అంటే ఏమిటని ఎవరినడిగినా జవాబు నాలుక చివరే ఉంటుంది. కథ లేదంటారు. సెకండాఫ్ సాగదీశాడంటారు. హీరోకి వయసు మీద పడిందంటారు, పాటలు తలనొప్పి అంటారు. ఇవన్నీ ఉన్న సినిమాలు నేను చాలా చూశాను. ఇష్టంగానే చూశాను. పాట రాగానే బయటికి వెళ్లి పల్లీల పొట్లం కొనుక్కుని, పాట అయిపోయాక వచ్చి కూర్చున్నాను. వాటి మీద నాకు ఏ పగా లేదు. నాకు పగ ఉన్న సినిమా ఒక్కటే. దాంట్లో కథ బాగుంది, పాటలు బాగున్నాయి, బయటి ఊళ్లలో జనం విరగబడి చూశారు. దాని పేరు మాత్రం నా నోటితో పలకను. పలికితే వాళ్లకు ఉచితంగా ప్రచారం చేసినట్టవుతుంది.

మాది గోదావరిఖనిలో బొగ్గుబాయి కార్మికుల కాలనీ. బాపు, అంటే మా నాన్న, బాయిలో, అంటే గనిలో, బొగ్గు నింపేవాడు. మా క్వార్టరుకూ పక్క క్వార్టరుకూ మధ్య ఒకటే గోడ. అవతల ఉండేది చిన్నమ్మ. రక్తసంబంధం ఏమీ లేదు, అమ్మను అక్కా అని పిలిచేది కాబట్టి నాకు చిన్నమ్మ అయింది. ఆమె భర్త, బాపు ఒకే గ్యాంగులో పనిచేసేవారు. నా చిన్నప్పుడు ఒకరోజు బాయిలో పైకప్పు కూలింది. బాపు కాలు విరిగి బయటికొచ్చాడు. చిన్నమ్మ భర్త రాలేదు. ఆయన బదులు కంపెనీ చిన్నమ్మకు ఉద్యోగమిచ్చింది, ల్యాంప్‌రూంలో. లోపలికి దిగే ప్రతి మనిషీ ఆ గది కిటికీ దగ్గర తన నంబరు బిళ్ళ ఇచ్చి, తలకు పెట్టుకునే దీపం తీసుకోవాలి. ఎక్కి వచ్చాక మళ్లీ అక్కడే అప్పజెప్పాలి. అంటే ఆ బాయిలో పనిచేసేవాడు ఎంతటివాడైనా చిన్నమ్మ ముందు నిలబడక తప్పదు.

మా ఊళ్లో సినిమా చూడటానికి ఒక పద్ధతి ఉండేది. వేరే ఊళ్లలో ఉందో లేదో నాకు తెలియదు. బాయిలో మూడు షిఫ్టులు కాబట్టి ఊరంతా ఒకేసారి సినిమా చూసే వీలు లేదు. పొద్దుటి షిఫ్టు వాళ్లు ఇంటికొచ్చి స్నానం చేసి ఫస్ట్ షోకి పోయేవారు. రెండో షిఫ్టు వాళ్లు మార్నింగ్ షో చూసుకుని అటునుంచి అటే డ్యూటీకి పోయేవారు. రాత్రి షిఫ్టు వాళ్లు వచ్చి పడుకుని లేచి మ్యాట్నీకి. అందుకని మూడు షిఫ్టులూ చూసేదాకా కథ ఎవరూ చెప్పకూడదు. బాగుంది అనొచ్చు, బాలేదు అనొచ్చు, అంతకు మించి ఒక్క ముక్క రాకూడదు. ఎవడైనా నోరు జారితే బాయిలో తినేటప్పుడు వాడి పక్కన ఎవరూ కూర్చునేవారు కాదు. బాపు ఈ విషయంలో మరీ మొండి. ఫస్ట్ షో చూసొచ్చి అన్నం తింటూ తనలో తాను నవ్వుకునేవాడు గానీ, ఎందుకు నవ్వుతున్నావని అమ్మ అడిగితే చెప్పేవాడు కాదు. ఆయనకు తాగుడు లేదు, పేకాట లేదు, ఉన్న పిచ్చి సినిమా ఒక్కటే.

నేను ఇంటర్ చదువుతున్నప్పుడు మా కాలనీకి షూటింగు వాళ్లు వచ్చారు. కథలో విలన్ బొగ్గు దొంగ, కాబట్టి వాళ్లకు నల్లటి ఊరు కావాలి. విలనూ వాడి మనుషులూ మా భాష మాట్లాడతారు, హీరో మాత్రం పుస్తకంలో ఉన్నట్టు మాట్లాడతాడు. అది మాకు కొత్తేమీ కాదు. రౌడీ, పనిమనిషి, తాగుబోతు, వీళ్లకే సినిమాలో మా మాట ఇస్తారని మాకు ఎప్పటినుంచో తెలుసు. షూటింగు చూడటానికి ఎగబడి పోయింది కూడా మేమే.

మాది వరుసలో చివరి క్వార్టరు, ముందు నీళ్ల నల్లా ఉంది. నటులు బట్టలు మార్చుకోవడానికి మా ఇల్లడిగారు. అలా వచ్చిన వాళ్లలో మాటలు రాసేవాడు ఒకడున్నాడు. సన్నగా, మెత్తగా, ఎవరినీ నొప్పించని ముఖంతో ఉండేవాడు. అమ్మ వాడికి జొన్నరొట్టె, టమాట తొక్కు పెట్టింది. గడప మీద కూర్చుని తిని, చెయ్యి కడుక్కుని, "మీరు మాట్లాడుతుంటే వినాలనిపిస్తుందక్కా" అన్నాడు. చేతిలో చిన్న టేప్‌రికార్డరు పెట్టుకుని రోజూ వచ్చేవాడు. పండగలెట్ల చేస్తారని అడిగేవాడు, పిల్లల్ని ఎలా తిడతారని అడిగేవాడు. ఒకరోజు పైకప్పు కూలిన సంగతి అడిగాడు.

అమ్మ ఆ రోజు గురించి ఇంట్లో ఎన్నడూ మాట్లాడలేదు. మాట్లాడితే గోడ అవతల వినిపిస్తుంది. తన మనిషి వచ్చాడు, అవతల మనిషి రాలేదు. అలాంటప్పుడు తన బాధ ఏ నోటితో చెప్పుకుంటుంది? బాపుకు కూడా చెప్పలేదు. పరాయివాడు కదా, నాలుగు రోజుల్లో పోతాడు కదా అనుకుందేమో, వాడికి చెప్పింది. నేను అక్కడే తలుపు దగ్గర కూర్చుని విన్నాను.

ఆ పొద్దున అమ్మకూ బాపుకూ మాటామాటా పెరిగింది. బాపు తినకుండా, టిఫిన్ డబ్బా కూడా తీసుకోకుండా డ్యూటీకి పోయాడు. మధ్యాహ్నం అమ్మ మనసు ఆగక డబ్బా పట్టుకుని బాయి దారి పట్టింది. సగం దారిలో ఉండగా సైరన్ మోగింది. గేటు దగ్గరికి చేరేసరికి ఆడవాళ్లంతా వచ్చేశారు. చిన్నమ్మ కూడా ఉంది. బయటికొచ్చిన ఆఫీసరు చెయ్యి పట్టుకుని అమ్మ అన్నదట: "సార్, మా ఆయిన పొద్దున తినకుంట పోయిండు. మనిషి ఎప్పుడొస్తె అప్పుడొస్తడు గని, ఈ డబ్బనైతె ముందుగాల లోపటికి పంపుండ్రి."

చెప్తూ అమ్మ ఏడ్చింది. మాటలు రాసేవాడూ కళ్లు తుడుచుకున్నాడు. నిజంగానే తుడుచుకున్నాడు, నేను చూశాను. వాడు దొంగ ఏడుపు ఏడ్చి ఉంటే ఇంత కోపం ఉండేది కాదు నాకు. అర్థమై, మనసు కరిగి, ఆ మాటల బరువెంతో తెలిసి, ఆ తర్వాత వాడు వాటిని ఏం చేశాడో చెప్తాను.

మరుసటి ఏడు ఒక శుక్రవారం సినిమా విడుదలైంది. మా కాలనీ తెర మీద కనిపిస్తుందని ఊరంతా ఒకటే సంబరం. చిన్నమ్మ ఆ రోజు సెలవు పెట్టింది. అమ్మ, చిన్నమ్మ, నేను మ్యాట్నీకి పోయాం. బాపుకు ఆ వారం రెండో షిఫ్టు. గ్యాంగు వాళ్లందరూ కలిసి ఆదివారం మార్నింగ్ షోకి పోవాలని అనుకున్నారు.

మా నల్లా కనిపించినప్పుడు అమ్మ నా భుజం తట్టింది. మా తలుపు కనిపించినప్పుడు చిన్నమ్మ, "మీ ఇల్లు సినిమల మంచిగ కనవడ్తుందక్క" అంది. అప్పటికి అందరం సంతోషంగానే ఉన్నాం. ఇంటర్వెల్‌కు కాస్త ముందు విలన్ దగ్గరుండే జోకరుగాణ్ణి పోలీసులు పట్టుకుపోతారు. లోపల వాణ్ణి కొడుతుంటారు. వాడి పెళ్లాం టిఫిన్ డబ్బా పట్టుకుని స్టేషనుకు వస్తుంది. లావుపాటి నటి, ముఖం నిండా పసుపు, అరచేతంత బొట్టు. లోపల్నుంచి మొగుడి అరుపు వినిపించగానే ఇన్‌స్పెక్టరు చెయ్యి పట్టుకుని మొదలుపెట్టింది. సార్, మా ఆయిన పొద్దున తినకుంట పోయిండు.

ఒక్క అక్షరం మార్చలేదు. ముందుగాల అన్న మాట కూడా అలాగే ఉంది. ఆమె ఆ మాట అన్నప్పుడల్లా వెనక డోలు మీద ఒక దెబ్బ. లోపల ఇంకో అరుపు. మళ్లీ అదే మాట, మళ్లీ డోలు. కానిస్టేబులు డబ్బా తెరిచి తినేసి త్రేన్చాడు. హాలు హాలంతా పొర్లి పొర్లి నవ్వింది. నవ్వింది ఎవరో కాదు, మా ఊరివాళ్లే. బాయిలోకి దిగేవాళ్లూ, వాళ్ల పెళ్లాలూ. వాళ్లకేం తెలుసు పాపం అని ఇప్పుడు అనగలను. అప్పుడు మాత్రం ఒక్కొక్కరి నోట్లో మట్టి కొట్టాలనిపించింది.

అమ్మ లేవబోయింది. చిన్నమ్మ ఆమె మణికట్టు పట్టుకుని కూర్చోబెట్టింది.

"లేవకు అక్క. ఆఖరుదాక చూడాలె."

ఆ మాటలు పుట్టిన రోజే ఆమె మొగుడు శవమై వచ్చాడు. గేటు దగ్గర అమ్మ పక్కన నిలబడి ఆ మాటలు విన్నది ఆమే. ఆమె ముఖంలో ఏడుపు లేదు. తెర మీద నుంచి చూపు తిప్పకుండా చివరి రీలు దాకా, పరీక్షకు చదివినట్టు చూసింది. హత్య చేసిందెవరో చివర్లో తెలిసే కథ అది. ఇంటర్వెల్ దాకా ఒకణ్ణి అనుమానిస్తాం, తర్వాత ఇంకొకణ్ణి. చివరికి చంపింది హీరో బామ్మర్ది అని తేలుతుంది.

షేర్ ఆటోలో వస్తుంటే అమ్మ ఒకటే అంది. "మీ బాపు ఈ సినిమ చూడద్దు." అందులో కోపం లేదు, భయం ఉంది. ఆ మాటలు తనవని బాపుకు తెలియదు. తెలియకుండా ఆ హాల్లో కూర్చుంటే అందరితో పాటు ఆయనా నవ్వుతాడు. అది అమ్మ ఓర్చుకోలేదు. పోనీ ముందే చెప్దామంటే, ఇన్నేళ్లు గోడకు కూడా వినిపించకుండా దాచుకున్నది, ఒక జోకు వల్ల బయటపెట్టాల్సిన గతి పట్టింది. ఎలా చెప్తుంది?

నేను నా పగ నేను తీర్చుకున్నాను. బస్టాండు దారిలో గోడకు పెద్ద పోస్టరు ఉంటే పేడముద్ద తీసి కొట్టాను. మాటలు రాసినవాడి పేరు అడుగున చిన్న అక్షరాల్లో ఉంది. దాని మీద పడేదాకా కొట్టాను. చేతులు కడుక్కుని ఇంటికొచ్చాక తెలిసింది, దానివల్ల బాపు ఆదివారం సినిమాకు పోవడం ఆగదని.

ఆపింది చిన్నమ్మ. నేను అక్కడ లేను గానీ, ఆమె నోట ఎన్నోసార్లు విన్నాను, బాపు తిట్లలోనూ విన్నాను. శనివారం మధ్యాహ్నం షిఫ్టు మారే వేళ. పొద్దుటివాళ్లు దీపాలు అప్పజెప్తున్నారు, రెండో షిఫ్టు వాళ్లు తీసుకుంటున్నారు. కిటికీ ముందు రెండు లైన్లు. మొదటివాడు బిళ్ళ ఇచ్చాడు. చిన్నమ్మ దీపం చేతిలో పెట్టి చెప్పింది.

"చంపింది బామ్మర్ది. దీపం మంచిగ పట్టుకో అన్న."

వాడికి ముందు అర్థం కాలేదట. వెనకవాడికి అర్థమైంది. వాడి చేతిలోనూ దీపం పెట్టి, బామ్మర్ది కత్తి ఎక్కడ దాచాడో చెప్పింది. ఆ వెనకవాడికి చెల్లెలు ఎందుకు అబద్ధం చెప్పిందో చెప్పింది. చెవులు మూసుకుంటే దీపం తీసుకోవడానికి చేతుల్లేవు. దీపం లేకుండా దిగడానికి లేదు. లైను వదిలి పోదామంటే డ్యూటీ పోతుంది. ఒక్కొక్కరి చేతిలో ఒక్కో దీపం, ఒక్కో ముక్క కథ. బాపు వంతు వచ్చేసరికి చెప్పడానికి ఏమీ మిగల్లేదు. అయినా ఆమె వదల్లేదు. "బావా, నువ్వైతె పోకు. పైసలు దండుగ" అందట.

ఇలాంటి పని మా ఊళ్లో అంతకు ముందు ఎవరూ చేయలేదు. బాయిలో పని అజమాయిషీ చేసే ఓవర్‌మన్ ఒకాయన, మేనేజరుకు చెప్తానని బెదిరించాడు. సినిమా కథ చెప్పినందుకు ఏ శిక్ష వెయ్యాలో ఆయనకూ తెలియదు, కాబట్టి ఊరుకున్నాడు. పెద్ద వయసు కార్మికుడు ఒకాయన, నీకేం పుట్టిందమ్మా, ఎందుకిట్ల చేసినవ్ అని మంచిగానే అడిగాడు. నా నోరు, నా ఇష్టం అని చెప్పి పంపిందట. అసలు కారణం చెప్పాలంటే అమ్మ మాటలు ఆ మగవాళ్లందరి ముందు మళ్లీ పలకాలి. ఆమె పలకలేదు. కాలనీలో ఆమెకు కుళ్లు అన్నారు, పొగరు అన్నారు, మొగుడు లేనిదానికి అంత నోరెందుకని కూడా అన్నారు. అన్నీ మింగింది. ఆమె దీపం ఇస్తే థాంక్స్ చెప్పేవాళ్లు కూడా చాలా రోజులు ముఖం తిప్పుకున్నారు.

రాత్రి షిఫ్టుకు ఆడవాళ్లకు డ్యూటీ ఉండదు. ఆ షిఫ్టుకు చెప్పాల్సిన అవసరం ఆమెకు రాలేదు. మాకు చెడగొట్టింది కదా, మీకెందుకు మిగలాలని రెండో షిఫ్టు వాళ్లే ఆ పని చేశారు. ఆదివారం మార్నింగ్ షోకి హాలులో జనం లేరు. తర్వాతి శుక్రవారానికి మా ఊళ్లో ఆ సినిమా ఎత్తేశారు. పోస్టరు మీద ఇంకో పోస్టరు పడింది. నేను చూడటానికి పోయాను, కడుపు నిండా సంతోషపడి వచ్చాను.

ఆదివారం పొద్దున బాపు ఇంట్లోనే ఉండి చిన్నమ్మను తిట్టాడు. చివరికి ఎవడు చంపాడో తెలిశాక ఇక చూసేదేముంది, వారం రోజులు ఎదురుచూసిన సినిమా అని తెగ బాధపడ్డాడు. అమ్మ ఆయన కంచంలో అన్నం వడ్డిస్తూ, తిట్టకు, ఆమె మంచిదే అని మాత్రం అంది. ఆ రోజు ఆయనకు ఇష్టమని చేపల పులుసు చేసింది. బాపు తినేసి, చిన్నమ్మను ఇంకాస్త తిట్టి, డ్యూటీకి పోయాడు.

మా ఊళ్లో చచ్చింది గానీ బయట ఎక్కడా చావలేదు ఆ సినిమా. మంచిర్యాలలో ఆడింది, కరీంనగర్‌లో ఆడింది, బసంత్‌నగర్ నుంచి సిమెంటు ఫ్యాక్టరీ వాళ్లు పోయి చూసొచ్చారు. మాటలు రాసినవాడు ఇంకో సినిమాకు రాశాడు, తర్వాత డైరెక్టరయ్యాడు. పేపర్లో వాడి ఫోటో కనిపించినప్పుడల్లా ఆ పేజీ చింపి పొయ్యిలో పెట్టేదాన్ని. టీవీలు వచ్చాక అసలు గోల మొదలైంది. కామెడీ బిట్లని పొద్దస్తమానం వేసేవారు. ఆ బిట్టు ఎప్పుడొస్తుందో తెలియదు. నేనింట్లో ఉన్నంతకాలం రిమోటు నా చేతిలోనే ఉండేది. నాకు పెళ్లయ్యాక ఆ పని అమ్మ మీద పడింది. బాపు నవ్వుల ప్రోగ్రాం పెట్టమంటే అమ్మ వార్తలు పెట్టేది. ఈమెకు ముసలితనంలో రాజకీయాల పిచ్చి పట్టిందని బాపు నాతో ఫోనులో నవ్వుతూ చెప్పేవాడు. అలా ఏళ్లు గడిచాయి. మేం గెలిచామనే అనుకున్నాను.

మాకు ప్రత్యేక రాష్ట్రం వచ్చిన రోజుల్లో నేను పుట్టింట్లో ఉన్నాను. బాపు రిటైరయ్యాడు. క్వార్టరు ఖాళీ చేసి ఊళ్లోనే రెండు గదుల ఇల్లు కట్టుకున్నారు. వీధుల్లో రంగులు, పాటలు, బైకుల మీద జెండాలు. సాయంత్రం టీవీలో ఏదో సంబరాల కార్యక్రమం పెట్టుకుని కూర్చున్నాం. బాపు మంచం మీద విరిగిన కాలు చాపుకున్నాడు. అమ్మ కింద చిక్కుడుకాయలు తుంచుతోంది. అది వార్తల ఛానలు కాబట్టి ఎవరికీ అనుమానం రాలేదు.

శాలువా కప్పుకుని తెర మీదికి వాడు వచ్చాడు, ఆ మాటలు రాసినవాడు. కాస్త లావయ్యాడు. ముఖం అదే మెత్తటి ముఖం. ఇప్పుడు మా భాష మాట్లాడుతున్నాడు. మా భాషకు విలువ వచ్చింది కదా, ప్రతి మాటకూ ముందు గీ, గా తగిలించి మాట్లాడుతున్నాడు. ఈ మట్టి మాటల్ని తెర మీదికి మొట్టమొదట తెచ్చింది తనేనన్నాడు. బొగ్గుబాయి దగ్గర ఒక అక్క ఇంట్లో రొట్టె తిని నేర్చుకున్నానన్నాడు. రొట్టె సంగతి కూడా వదల్లేదు. ఆయన కలం నుంచి వచ్చిన మొదటి ఆణిముత్యం చూద్దామని యాంకరమ్మ అంది.

నేను లేచాను. రిమోటు బాపు దిండు కింద ఉంది. అది చేతికి దొరికేలోపే లావుపాటి నటి ఇన్‌స్పెక్టరు చెయ్యి పట్టుకుంది, డోలు మోగింది.

బాపు నవ్వాడు. చిన్నగా కాదు, మంచం కిర్రుమనేలా, తొడ మీద కొట్టుకుని నవ్వాడు. డోలు మోగినప్పుడల్లా నవ్వాడు. కళ్లనీళ్లు తుడుచుకుంటూ, "మనోళ్లు అచ్చం గిట్లనే అంటరు. మంచిగ రాసిండు" అన్నాడు.

చెడ్డ సినిమా అంటే నాకు ఇదే. ఎవడి కోసం ఆ మాట పుట్టిందో, వాడి చేతే దాన్ని చూసి నవ్వించేది.

అమ్మ తల ఎత్తలేదు. చేతిలో కాయ తుంచి గిన్నెలో వేసింది.

"అవి నా మాటలు" అంది. "నువ్వు లోపట చిక్కిననాడు బాయి గేటు కాడ నేనన్న మాటలు."

బాపు నా వైపు చూశాడు. నేను తలూపాను. టీవీలో ఇంకా నవ్వులు వస్తున్నాయి. బాపు దిండు కింద రిమోటు వెతికి ఆపేశాడు. ఆ పొద్దుటి తగాదా గుర్తొచ్చిందో, చిన్నమ్మను తిట్టిన తిట్లు గుర్తొచ్చాయో నాకు తెలియదు. తర్వాత కాళ్లు కిందికి దించి, చేతికర్ర దగ్గరికి లాక్కుని, "వాడెక్కడుంటడు?" అన్నాడు.

నాకు ప్రాణం లేచొచ్చింది. ఇన్నేళ్లు నేనొక్కదాన్నే మోసిన పగను ఇంకొకరు అందుకున్నారు. హైదరాబాదు అన్నాను. వాడి ఇల్లు ఏ పక్కనుంటుందో కూడా తెలుసు, పొద్దుటి బస్సుకు పోదాం అన్నాను. పోయి ఏం చేస్తామో నేనూ ఆలోచించలేదు, ఆయనా అడగలేదు. ఆ మెత్తటి ముఖం మీద చెయ్యి చేసుకుంటే చాలనిపించింది.

అమ్మ గిన్నె తీసుకుని లేచింది. వంటింటి గుమ్మం దాకా పోయి, వెనక్కి తిరక్కుండానే అంది.

"వాడెక్కడుంటె మనకేంది. నవ్వింది నువ్వు."